అంజీర్‌కు నీళ్లెప్పుడు, విశ్రాంతి ఎప్పుడు?

దెగ్లూర్ నుంచి సిరొంచ దాకా, అటు బరంపురం నుంచి కూడా ఈసారి అంజీర్ మీదే ఎక్కువ ఉత్తరాలు వచ్చాయి. వానలు వెనక్కి తగ్గి, బహార్ (కాపు విడత) పట్టే రోజులు కాబట్టి వింతేమీ లేదు. ఒకే రకం ప్రశ్నలను కలిపి జవాబులిస్తున్నాం.

ప్రశ్న: ఎకరం నల్లరేగడిలో మూడేండ్ల కింద 160 అంజీర్ మొక్కలు పెట్టినం. వానకాలంల కాయ బాగనే పట్టింది గని పండు చప్పగ, కొంచెం పుల్లగ ఉన్నది. సగం చెట్టు మీదనే కుళ్లింది. రకం మంచిది కాదని పక్క రైతు అంటున్నడు. పీకేయమంటరా?
— ఒక రైతు, దెగ్లూర్ (నాందేడ్ జిల్లా)

జవాబు: పీకొద్దు. లోపం రకంలో లేదు, మీరు కాపు తీసిన కాలంలో ఉంది. అంజీర్ ఏడాదికి రెండుసార్లు కాస్తుంది. మహారాష్ట్ర రైతులు వానాకాలపు కాపును ఖట్టా (పుల్లటి) బహార్ అనీ, ఎండలు ముదిరే లోపు వచ్చే కాపును మీఠా (తియ్యటి) బహార్ అనీ ఊరికే అనలేదు. పండు పక్వానికి వచ్చే రోజుల్లో మబ్బు, తేమ ఉంటే చక్కెర చేరదు. పైగా పండు అడుగున ఉండే కన్నులోంచి వాననీరు లోపలికి దిగి పులుపెక్కుతుంది.

పుణె జిల్లా పురందర్‌లో రెండు బహార్లూ తీస్తారు కదా అని అడగొచ్చు. ఆ ప్రాంతపు అంజీర్‌కు 2016లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. అయితే అది వాన నీడలో ఉన్న ప్రాంతం, నీరు నిలవని మురుం నేలలు ఎక్కువ. మీ దగ్గర వాన జాస్తి, నేల నీటిని పట్టుకుని వదలదు. అందుకే మీరు మీఠా బహార్ ఒక్కటే తీయండి. ఒక కాపు వదులుకుంటే చెట్టుకూ ఊపిరి పోసినట్టవుతుంది.

చేయాల్సిన పని ఇది. వానలు పూర్తిగా ఆగాక రెండు మూడు వారాలు నీళ్లు ఆపేయండి. రేగడి అంత త్వరగా ఆరదు కాబట్టి పాదుల్లో మట్టిని నాలుగంగుళాల లోతు తవ్వి ఎండనివ్వండి. పెద్ద వేరు తెగకుండా చూసుకోవాలి. ఆకు పసుపుబారి రాలడం మొదలైతే చెట్టు విశ్రాంతిలోకి వెళ్లినట్టు. మిగిలిన ఆకును చేత్తో తీసేయండి. అక్టోబర్ నెల నడుమ కత్తిరింపు చేయాలి. ఎండినవి, లోపలికి పెరిగినవి, ఒకదానికొకటి రాసుకునేవి మొదలంటా తీసేసి, మిగిలిన ఏడాది కొమ్మలను చివర మూడో వంతు కోయండి. అంజీర్ కాయ ఆ ఏడాది వచ్చిన కొత్త చిగురు మీదే, ఆకు మొదట్లో పడుతుంది. కత్తిరించకపోతే కొమ్మ తాడులా సాగుతుంది, కాయ చివర నాలుగు ఆకుల దగ్గరే ఉంటుంది.

కోసిన చోట బోర్డో పేస్టు పూయండి: కిలో మైలతుత్తం, కిలో సున్నం, పది లీటర్ల నీళ్లు. పాదుకు 20 కిలోల బాగా మాగిన పశువుల ఎరువు, కిలో వేపపిండి వేసి అప్పుడు మొదటి తడి ఇవ్వండి. యూరియా మీద మోజు వద్దు. నత్రజని ఎక్కువైతే అరచేయంత ఆకు వస్తుంది గానీ కాయ రాలిపోతుంది. కత్తిరింపు నుంచి నాలుగు నాలుగున్నర నెలలకు, అంటే ఫిబ్రవరి చివర నుంచి ఏప్రిల్ మొదటి వారాల దాకా కోత ఉంటుంది.

మీ నేలకు ఇంకొక్క మాట. చెట్టు మొదలు చుట్టూ మట్టి ఎగదోసి బోదె కట్టి, వరసల మధ్య కాలువ తీయండి. అంజీర్ వేరు ఉప్పు నేలను, ఎండను ఓర్చుకుంటుంది. నిలవ నీటిని మాత్రం ఓర్చుకోదు. ఇక మీదట కొత్త మొక్కలు తెచ్చుకోవాలంటే పర్భణి వ్యవసాయ విశ్వవిద్యాలయం దౌలతాబాద్ రకం నుంచి ఎంపిక చేసిన దినకర్‌ను చూడండి. మరాఠ్వాడా నేలల కోసం వచ్చిన రకం అది.

ప్రశ్న: కాయలు గోళీ అంత అయినంక నెలకు పైగ అట్లనే పచ్చగ ఉంటున్నయి. పెరుగుతలేవు, పండుతలేవు. ఏమన్న పోషకం తక్కువైందా? మందుల దుకాణంల సూక్ష్మపోషకాల డబ్బా ఇచ్చిన్రు.
— రాజురా (చంద్రాపూర్ జిల్లా)

జవాబు: ఆ డబ్బా మూత తీయకండి. కాయ ఆగలేదు, దాని పద్ధతే అంత. అంజీర్ మూడు దశల్లో పెరుగుతుంది. మొదట చకచకా సైజు వస్తుంది. తర్వాత మూడు నుంచి ఐదు వారాలు పైకి ఏ మార్పూ కనిపించదు, లోపల గింజ తయారవుతుంటుంది. చివరి వారం పది రోజుల్లో ఒక్కసారిగా ఉబ్బి, రంగు తిరిగి, మెత్తబడుతుంది. పండులోని చక్కెరలో చాలా భాగం ఈ చివరి రోజుల్లోనే చేరుతుంది. రెండో దశలో కంగారుపడి ఎరువులు, నీళ్లు గుప్పించిన వాళ్లకే తర్వాత పండు పగిలేది.

మీ వైపు ఎండల గురించి చెప్పాలి. చంద్రాపూర్‌లో మే నాటికి 45 డిగ్రీలు దాటడం మామూలే. 39 దాటితే పండు ముందే మెత్తబడిపోతుంది, తోలు మందమవుతుంది, రసం తగ్గుతుంది. అందుకే బహార్ ఆలస్యం చేయకూడదు. ఆలస్యమైన కాయను త్వరపెట్టడానికి మధ్యధరా దేశాల్లో ఎప్పటినుంచో వాడే ఉపాయం ఒకటుంది. కన్ను చుట్టూ లేత గులాబీ రంగు కనిపించగానే ఆ కన్ను మీద సన్నని పుల్లతో ఒక చుక్క ఆలివ్ నూనె అద్దుతారు. నూనె వల్ల కాయలో ఇథిలీన్ (కాయను పండించే వాయువు) పుట్టి పండు ముందుగా తిరుగుతుంది. గులాబీ రంగు రాకముందే అద్దితే కాయ ఉబ్బుతుంది గానీ తీపి రాదు. ఇంటి చెట్టుకు పది ఇరవై కాయలకైతే చేయొచ్చు. తోట మొత్తానికి చేస్తే కూలి గిట్టదు.

ప్రశ్న: సరిగ్గా పండే ముందు కాయ నిలువుగా పగులుతోంది. పగిలినవి రెండో రోజుకే పుల్లటి వాసన, చీమలు, చిన్న ఈగలు.
— ధర్మాబాద్ (నాందేడ్ జిల్లా)

జవాబు: మీ ఉత్తరంలోనే రాశారు, కరెంటు లేక పన్నెండు రోజులు నీళ్లు ఆపి తర్వాత ఒకేసారి పాదు నిండా పెట్టామని. కారణం అదే. నేల ఎండినప్పుడు తోలు బిగుస్తుంది. ఒక్కసారిగా నీరందితే లోపలి గుజ్జు ఉబ్బుతుంది, తోలు సాగలేక చిట్లుతుంది. డ్రిప్ ఉంటే కాయ ఎదిగే రోజుల్లో చెట్టుకు రోజుకు 15 నుంచి 20 లీటర్లు, ఒకే వేళకు ఇవ్వండి. డ్రిప్ లేకపోతే వారానికొకసారి నిండా పెట్టే బదులు మూడు నాలుగు రోజులకొకసారి సగం సగం పెట్టండి. రంగు తిరగ్గానే నీటిని మూడో వంతు తగ్గించండి, పూర్తిగా ఆపొద్దు. పాదులో నాలుగంగుళాల మందాన సోయా పొట్టు గానీ ఎండాకు గానీ పరవండి. బోరాన్ లోపం ఉన్న నేలల్లోనూ పగుళ్లు వస్తాయి, కానీ మట్టి పరీక్ష చేయించకుండా బోరాక్స్ వేయకండి. అది కాస్త ఎక్కువైనా విషమే.

పుల్లటి వాసన వేరే సంగతి. కన్నులోంచి చిన్న ఈగలు, పెంకు పురుగులు దూరి, తమతో ఈస్టును మోసుకెళ్తాయి. లోపల పులుస్తుంది. కన్నులోంచి బుడగలతో నీరు కారుతుంటే ఆ పండు పోయినట్టే. దీనికి మందు కన్నా చీపురే ముఖ్యం. రాలిన పండ్లను రోజూ ఏరి గుంతలో పూడ్చాలి. చెట్టు కింద ఒక్క కుళ్లిన పండున్నా ఈగల సంత తయారవుతుంది.

పిట్టలకూ గబ్బిలాలకూ వల, చీమలకు కాండం చుట్టూ జిగురు పట్టీ. జిగురు నేరుగా బెరడుకు పూయకుండా గుడ్డ చుట్టి దాని మీద పూయండి.

ప్రశ్న: ఆకుల అడుగున ఇటుక పొడి చల్లినట్టు మచ్చలు. నెల తిరగకముందే చెట్టు బోసిపోయింది. కాయలు మాత్రం వేలాడుతున్నాయి.
— వణీ (యవత్మాల్ జిల్లా)

జవాబు: ఇది తుప్పు తెగులు. మీ మరాఠీ పొరుగువాళ్లు తాంబేరా అనేది దీన్నే. ఆకు పోయాక వేలాడే ఆ కాయలకు తీపి రాదు, ఎందుకంటే చక్కెర తయారయ్యేది ఆకులోనే. ఉన్న కాయలో సగం తెంపేయండి. చెట్టుకు కొత్త ఆకు వేసే బలం మిగులుతుంది.

రాలిన ఆకు మీద తెగులు నిలవ ఉంటుంది. దాన్ని ఊడ్చి తగలబెట్టకుండా ఎన్ని మందులు కొట్టినా అది మళ్లీ వస్తుంది. మందుగా 1 శాతం బోర్డో మిశ్రమం చాలు. కిలో మైలతుత్తాన్ని 50 లీటర్ల నీటిలో, కిలో సున్నాన్ని మరో 50 లీటర్లలో వేర్వేరుగా కరిగించాలి. ప్లాస్టిక్ డ్రమ్ములు వాడండి, ఇనుపవి వద్దు. సున్నం నీటిలోకి తుత్తం నీటిని సన్నధారగా పోస్తూ కర్రతో తిప్పాలి, అటుది ఇటు చేయకూడదు. తర్వాత మెరుగుపెట్టిన ఇనుప కత్తిని నిమిషం ముంచి చూడండి. దాని మీద రాగి రంగు పూత పడితే తుత్తం ఎక్కువైనట్టు, ఇంకాస్త సున్నం నీరు కలపాలి. అలా కలపకుండా కొడితే ఆకు మాడుతుంది. కలిపిన రోజే వాడేయాలి, మర్నాటికి పనికిరాదు.

కత్తిరింపు అయ్యాక ఒకసారి, కొత్త ఆకు రూపాయి బిళ్ల కన్నా పెద్దదయ్యాక ఒకసారి, డిసెంబర్ మంచు పడేటప్పుడు మరోసారి కొట్టండి. ముఖ్యంగా ఆకు అడుగున తడవాలి. పైనుంచి వాన పడ్డట్టు కొట్టి ఇంటికెళ్లిపోతే మందు దండగ. కాయ రంగు తిరగడం మొదలైతే ఏ మందూ వద్దు, పండు తోలుతోనే తింటాం.

ప్రశ్న: నర్సరీవాడు ‘గంజాం అంజూర’ అని మొక్క చూపించాడండి. మన గంజాం జిల్లా రకమే కదా, మన గాలికి బాగా కాస్తుందని తీసుకోవచ్చా?
— బరంపురం (ఒడిశా)

జవాబు: ఆ గంజాం మీ గంజాం కాదండీ. కర్ణాటకలో శ్రీరంగపట్నం పక్కనే గంజాం అనే ఊరుంది, పేరు అక్కడిది. మీ జిల్లా పేరు చూసి కొంటే మోసపోతారు. మీకు రకం కన్నా తేమ పెద్ద చిక్కు. సముద్రపు గాలి, అక్టోబర్ తుపాను వానలు, తుప్పు తెగులు మూడూ అక్కడ ఎక్కువే. ఎకరాల్లో వేయమని చెప్పలేం. పెరట్లో ఒకటి రెండు చెట్లయితే పూనా రకం గానీ డయానా గానీ, గాలి ఆడే ఎత్తైన చోట పెట్టుకోండి. కత్తిరింపు నవంబర్ మొదట్లో చేస్తే పండు మార్చి, ఏప్రిల్‌లో, పొడి రోజుల్లో వస్తుంది.

ప్రశ్న: ఉంబర్ పండు విప్పితే పురుగులే. అంజీర్ కూడ అదే జాతి అంటరు. మరి ఉపాసం రోజు తినొచ్చా? లోపల చచ్చిన కందిరీగ ఉంటదని ఫోన్ల వీడియో వచ్చింది.
— ఒక గృహిణి, కిన్వట్ (నాందేడ్ జిల్లా)

జవాబు: మన మేడి, మరాఠీల ఉంబర్, ఒడిశా వైపు డిమిరి అన్నీ ఒకటే చెట్టు. అంజీర్ దానికి చుట్టమే. ఈ జాతి అంతటిదీ ఒక విచిత్రం: మనం కాయ అనుకునేది నిజానికి సంచీలా మూసుకున్న పూలగుత్తి. వందల కొద్దీ చిన్న పూలు లోపలికి తిరిగి పూస్తాయి, బయటికి దారి ఆ కన్ను ఒక్కటే. మేడిలో చీమ తలంత కందిరీగ ఆ దారిన దూరి పూలలోనే గుడ్లు పెడుతుంది. పిల్లలు అక్కడే పెరుగుతాయి. అందుకే పండిన మేడి విప్పగానే అంత సందడి.

మన దేశంలో తోటల్లో వేసే పూనా, దినకర్ వంటి అంజీర్లకు ఆ కందిరీగతో పనే లేదు. పరాగసంపర్కం లేకుండానే కాయ పండుతుంది. కరకరలాడేవి గింజలు, పురుగు ముక్కలు కావు. వీడియోలో చెప్పింది స్మిర్నా రకం సంగతి. టర్కీ నుంచి వచ్చే ఎండు అంజీర్ చాలావరకు ఆ కోవదే. దానికి కందిరీగ తప్పనిసరి. కాలిఫోర్నియాలో ఆ రకం చెట్లు నాటి ఏళ్లు గడిచినా కాయ నిలవలేదు, 1899లో కందిరీగను తెచ్చి నిలదొక్కించాకే పంట చేతికొచ్చింది. దూరిన ఆడ కందిరీగ లోపలే చనిపోతుంది, దాని శరీరాన్ని పండులోని ఎంజైము చాలావరకు కరిగించేస్తుంది. జైనులు ఈ జాతి పండ్లనే ముట్టరు. మీ ఉపవాసానికి తాజా దేశీ అంజీర్‌తో ఆ సందేహం అక్కర్లేదు, ఎండువాటి విషయం మీ పట్టింపును బట్టి.

ఉంబర్‌ను కూర చేసుకోవాలంటే లేత కాయలే కోయండి. గోరు దిగేంత లేతగా, గట్టిగా, పచ్చగా ఉండాలి. రెండు చెక్కలు చేసి లోపలి పుప్పొడి భాగం గీకేసి, పసుపు కలిపిన పల్చటి మజ్జిగలో పావుగంట ఉంచండి. ఒక ఉడుకు ఉడికించి ఆ నీళ్లు వంచేస్తే వగరు పోతుంది. తర్వాత వంకాయ కూర వండినట్టే.

ప్రశ్న: ప్రాణహిత ఒడ్డున ఇసుక నేల. పెట్టిన అంజీర్ కొమ్మలు చిగురించి ఎండిపోతున్నయి. ఉంబర్ చెట్టుకు అంటు కడితే బతుకుతదా?
— సిరొంచ (గడ్చిరోలి జిల్లా)

జవాబు: చిగురు చూసి వేరు వచ్చిందనుకోవద్దు. అంజీర్ కొమ్మ తనలో దాచుకున్న బలంతో ముందు ఆకు వేస్తుంది, వేరు తర్వాత. ఆ మధ్య రోజుల్లో ఎండ తగిలినా, లాగి చూసినా పోతుంది. జనవరి, ఫిబ్రవరి నెలల్లో, ఏడాది వయసున్న పెన్సిల్ లావు కొమ్మను ఎనిమిది నుంచి పది అంగుళాలకు కోయండి. నాలుగైదు కణుపులుండాలి. అడుగు కోత కణుపు కింద అడ్డంగా, పై కోత ఏటవాలుగా ఉంటే ఏది పైనో మరిచిపోరు. కారిన పాలు కడిగి, ఒక రోజు నీడన ఆరనివ్వండి. మూడింట రెండు వంతులు మట్టిలోకి పోవాలి. ఆరు నుంచి ఎనిమిది వారాలు నీడలోనే ఉంచి, మట్టి ఆరీ ఆరకుండా తడపండి.

మీది ఇసుక నేల కాబట్టి ఎండిన మొక్కను పీకి వేరు చూడండి. వేళ్ల మీద ఆవగింజ నుంచి శనగ గింజంత బుడిపెలుంటే అది నులిపురుగుల పని. ఇసుకలో అవి జోరుగా పెరుగుతాయి. ముందు వంగ, టమాట, బెండ వేసిన చోట అంజీర్ పెట్టడమే వద్దు. ఉంబర్ వేరు ఈ నులిపురుగును తట్టుకుంటుంది, అంజీర్ అంటు దానికి అతుకుతుంది కూడా. కాబట్టి మీ ఆలోచన మంచిదే. అయితే గట్టు మీది ముదురు చెట్టుకు కాదు, సంచిలో పెంచిన ఏడాది ఉంబర్ మొక్కకు కట్టండి. అంటు కింద నుంచి వచ్చే ఉంబర్ చిగుళ్లను కనిపించినప్పుడల్లా గిల్లేయాలి, లేదంటే రెండేళ్లలో మీ దగ్గర మిగిలేది ఉంబరే.

ప్రశ్న: క్వార్టర్ మేడ మీద డ్రమ్ములో పెంచొచ్చా? కిందటేడు కొమ్మలు కోసిన రోజు చేతుల మీద కాలినట్టు బొబ్బలొచ్చాయి, దీనివల్లేనా?
— బల్లార్‌పూర్ (చంద్రాపూర్ జిల్లా)

జవాబు: పెంచొచ్చు. 200 లీటర్ల ప్లాస్టిక్ డ్రమ్మును సగానికి కోస్తే రెండు చెట్లకు సరిపోతుంది. అడుగున ఏడెనిమిది రంధ్రాలు పెట్టి, రెండు పాళ్లు ఎర్రమట్టి, ఒక పాలు మురుం, ఒక పాలు పశువుల ఎరువు కలపండి. డ్రమ్ము బయట సున్నం కొట్టండి. మీ ఎండకు నల్లటి డ్రమ్ములో వేరు ఉడికిపోతుంది. మూడేళ్లకొకసారి విశ్రాంతి కాలంలో చెట్టును పైకి తీసి, చుట్టూ చుట్టుకున్న వేర్లను రెండంగుళాల మేర కోసి కొత్త మట్టిలో పెట్టాలి.

బొబ్బలు దానివల్లే. ఆకు, కొమ్మ పాలు చర్మానికి అంటి దాని మీద ఎండ పడితే కాలినట్టవుతుంది. నిండు చేతుల చొక్కా వేసుకుని, సాయంత్రం పూట కోయండి. అంటితే వెంటనే సబ్బుతో కడగండి. పండిన పండులో ఈ పాలుండవు. తొడిమ దగ్గర పాలు కారితే అది ఇంకా పండలేదని గుర్తు.

ప్రశ్న: రెండు రోజులు ముందే కోసి, బియ్యంలో పెడితే పండుతాయా?
— బిలోలీ (నాందేడ్ జిల్లా)

జవాబు: మెత్తబడతాయి, తియ్యబడవు. అంజీర్ చెట్టు మీదే పండాలి. మెడ వంగి కాయ కిందికి వేలాడాలి, నొక్కితే దూదిలా ఉండాలి, తోలు మీద సన్నని గీతలు పడాలి, కన్ను దగ్గర తేనె బొట్టు కనిపిస్తే ఇంకా మేలు. తెల్లవారుజామున తొడిమతో సహా కోయండి. బయట ఒకటి రెండు రోజులు, ఫ్రిజ్‌లో ఒకదాని మీద ఒకటి పడకుండా పరిస్తే నాలుగు రోజులు ఆగుతుంది. అంగడికి తీసుకెళ్లేటప్పుడు లోతు బుట్ట వద్దు. అంజీర్ ఆకు పరిచి ఒకే వరస పేర్చండి.

ప్రశ్న: తాజా అంజీర్ పాలల్లో వేసి మిక్సీ పడితే విరిగి చేదైంది. బాసుంది ఎట్ల చేయాలె? మిగిలిన పండ్లు ఎండబెడదామంటే బూజు పడుతుంది.
— దెగ్లూర్ నుంచి ఇద్దరు పాఠకురాళ్లు

జవాబు: తాజా అంజీర్‌లో ఫిసిన్ అనే ఎంజైము ఉంటుంది. అది పాలలోని మాంసకృత్తులను విరిచేస్తుంది, కాసేపటికి చేదు పుడుతుంది. పండు ముక్కలను రెండు చెంచాల నీళ్లతో ఐదు నిమిషాలు తెర్లించి, చల్లార్చి వేస్తే ఆ గొడవ ఉండదు. బాసుందికి ఎండు అంజీర్ మేలు. పది కాయలను రెండు గంటలు నానబెట్టి బరకగా రుబ్బండి. లీటరు చిక్కటి పాలను సన్నసెగ మీద సగానికి మరిగించి, మీగడను అంచుల నుంచి గీకి కలుపుతూ, మూడు చెంచాల చక్కెర వేసి దించండి. కాస్త గోరువెచ్చనయ్యాకే అంజీర్ ముద్ద కలపాలి. ఏలకులు చాలు, కుంకుమపువ్వు వేస్తే అంజీర్ వాసన చచ్చిపోతుంది.

ఎండబెట్టడానికి ఒక హెచ్చరిక: పూనా రకం నీరు ఎక్కువ, తోలు పల్చన. కాబట్టి దుకాణంలో తాడుకు గుచ్చి అమ్మే అఫ్గాన్ అంజీర్‌లా రాదు. నాలుగు కిలోల పండుకు కిలో మించి రాదు. చెట్టు మీదే సగం వడలిన పండ్లు తీసుకుని, చెంచా ఉప్పు వేసిన మరిగే నీళ్లలో అర నిమిషం ముంచి తీయండి. వెదురు తట్టలో, కన్ను పైకి ఉండేలా, పైన పల్చటి గుడ్డ కప్పి ఎండబెట్టండి. సూర్యుడు దిగకముందే ఇంట్లోకి తేవాలి. మీకు బూజు పట్టింది ఈ రాత్రి చెమ్మ వల్లే. మూడో రోజు అరచేత్తో నొక్కి చదును చేసి తిరగేయండి. ఐదారు రోజులకు, పిండితే తడి రాకుండా, వంచితే విరగకుండా ఉంటే అయినట్టు. రెండు రోజులు ఫ్రీజర్‌లో పెట్టి తీస్తే పురుగు గుడ్లు చస్తాయి. తర్వాత గాజు సీసాలో వేయండి. నెలల తర్వాత తోలు మీద తెల్లటి పొడి కనిపిస్తే నాలుక మీద కాస్త పెట్టుకోండి: తియ్యగా, ఇసుకలా తగిలితే అది పైకి వచ్చిన చక్కెర. నూగులా ఉండి ముక్కిపోయిన వాసన వస్తే బూజు, పారేయండి.

ప్రశ్న: షుగర్ ఉన్నవాళ్లు తినొచ్చా? ఎండువి నానబెట్టి తిని, ఆ నీళ్లు కూడా తాగుతున్నాం.
— ఆదిలాబాద్ సరిహద్దు నుంచి పలువురు

జవాబు: వంద గ్రాముల తాజా పండులో 16 గ్రాముల చక్కెర ఉంటే, అదే బరువు ఎండు పండులో 48 గ్రాముల దాకా ఉంటుంది. నానబెడితే చక్కెర పోదు, కొంత ఆ నీళ్లలోకి దిగుతుంది, ఆ నీళ్లే తాగుతున్నారు కదా. తాజావి ఒకటి రెండు భోజనం లెక్కలో కలుపుకుని తినడం గురించి మీ డాక్టర్‌ను అడగండి. ఎండువి మందులా రోజూ నాలుగైదు తినడం మాత్రం మానుకోండి.